జాబితాలోనే తేలిపోయే ఎన్నిక: మార్కెట్ కమిటీ ఓటర్ల వివాదాల్లో కోర్టులు ఎంతవరకు వస్తాయి?

గుజరాత్‌లో వ్యవసాయ మార్కెట్ కమిటీకి ఎన్నికలు వస్తున్నాయంటే మొదటి సందడి ప్రచారంలో కనిపించదు. యార్డు ఆఫీసు గోడ మీద అంటించిన కాగితాల దగ్గర కనిపిస్తుంది. అవి ముసాయిదా ఓటర్ల జాబితా కాగితాలు. సొసైటీ పేరు, దాని కింద పాలకవర్గ సభ్యుల పేర్లు, వాళ్ల ఊరు. వచ్చినవాళ్లు ఒక్కో వరుసా వేలు పెట్టి చదువుకుంటూ పోతారు. మన సొసైటీ పేరు ఎక్కిందా, అవతలి వర్గానికి చెందినవి ఎన్ని ఎక్కాయి, పోయిన ఎన్నికలప్పుడు లేని ఈ కొత్త సంఘం ఎక్కడి నుంచి వచ్చింది అని లెక్కలు వేసుకుంటారు. ఆ లెక్క పూర్తయ్యేసరికి ఎవరు గెలుస్తారో సగం తెలిసిపోతుంది.

ఎందుకంటే అక్కడ ఓటర్లు రైతులందరూ కారు. 1963 నాటి గుజరాత్ వ్యవసాయ ఉత్పత్తుల మార్కెట్ల చట్టం ప్రకారం రైతు ప్రతినిధులను ఎన్నుకునేది మార్కెట్ పరిధిలో వ్యవసాయ రుణాలిచ్చే సహకార సంఘాల పాలకవర్గ సభ్యులు. వ్యాపారుల ప్రతినిధులను ఎన్నుకునేది జనరల్ లైసెన్సు ఉన్న వ్యాపారులు. సహకార మార్కెటింగ్ సంఘాల పాలకవర్గాలది మూడో జాబితా. మొదట్లో చట్టంలో ఉన్న లెక్క ప్రకారం రైతులకు 8 స్థానాలు, వ్యాపారులకు 4, మార్కెటింగ్ సంఘాలకు 2. యార్డుకు సరుకు తెచ్చే వేలమంది రైతుల తరఫున ఓటేసేది కొన్ని వందల మంది మాత్రమే.

చిన్న లెక్కతో చూద్దాం. ఒక మార్కెట్ పరిధిలో రుణాలిచ్చే సంఘాలు 40 ఉన్నాయనీ, ఒక్కో పాలకవర్గంలో 11 మంది ఉన్నారనీ అనుకుందాం. మొత్తం 440 ఓట్లు. పోటీ గట్టిగా ఉంటే ఇరవై, ముప్పై ఓట్ల తేడాతో గెలుపోటములు తేలతాయి. ఈ జాబితాలోకి కొత్తగా మూడు సంఘాలు చేరితే 33 ఓట్లు వచ్చాయి. మూడు సంఘాల పేర్లు కొట్టేస్తే 33 ఓట్లు పోయాయి. అసెంబ్లీ నియోజకవర్గంలో రెండు లక్షల మంది ఓటర్లలో 33 పేర్లు గల్లంతైతే అది అన్యాయమే కానీ ఫలితం మారడం అరుదు. ఇక్కడ ఆ 33 పేర్లే ఫలితం. కాబట్టి ఓటర్ల జాబితా మీద కోర్టులో నడిచే వివాదాన్ని ఎన్నికకు ముందు జరిగే చిల్లర తగవుగా చూడటం పొరపాటు.

రుణమిచ్చే సంఘం అంటే ఏది?

తగవు మొదలయ్యేది చట్టంలోని ఒక్క మాట దగ్గర. మార్కెట్ పరిధిలో వ్యవసాయ రుణాలిచ్చే సంఘం. ఈ మాట చదవడానికి తేలిగ్గా ఉంది, తేల్చడానికి మాత్రం కాదు. బైలాస్‌లో రుణాలివ్వచ్చు అని రాసుకుంటే చాలా, నిజంగా ఇచ్చి ఉండాలా? ఇచ్చి ఉంటే ఎప్పుడిచ్చి ఉండాలి? ఐదేళ్ల కింద ఒక్కసారి ఇచ్చి ఆపేసిన సంఘం సంగతేమిటి? పాల సంఘం తన సభ్యుడికి గేదె కొనుక్కోవడానికి ఇచ్చిన డబ్బు వ్యవసాయ రుణం కిందికి వస్తుందా? సాగునీటి సంఘం మోటారు బాగుచేయించుకోవడానికి ఇచ్చిన అడ్వాన్సు? ఎన్నికల తేదీ దగ్గర పడుతుండగా నలుగురైదుగురు సభ్యులకు చిన్నచిన్న మొత్తాలు రుణంగా రాసి, ఆ పద్దు పుస్తకం పట్టుకొచ్చి మా సంఘం పేరు ఎక్కించండి అంటే అధికారి ఏం చేయాలి?

వ్యాపారుల జాబితా ఇంకో రకం చిక్కు. అక్కడ ఓటు లైసెన్సుతో వస్తుంది. లైసెన్సు ఇచ్చేది మార్కెట్ కమిటీయే. అంటే కుర్చీలో ఉన్న పాలకవర్గం, రేపు తనను ఎన్నుకోబోయే ఓటర్లను ఇవాళ తన సంతకంతోనే తయారుచేసుకునే వీలుంది. కొట్టు లేని, సరుకు కొనని మనుషులకు ఎన్నికల ముందు లైసెన్సులు రాసిచ్చారన్న ఆరోపణ, లేదా అవతలి వర్గం వ్యాపారుల లైసెన్సు రెన్యువల్ కావాలని ఆపారన్న ఆరోపణ, వీటిలో ఏదో ఒకటి లేని వివాదం అరుదు. ఒక పోటీదారు చేతిలోనే ఓటరు పుట్టుక ఉండటం ఈ ఏర్పాటులోని అసలు లోపం. దీన్ని ఏ కోర్టు తీర్పూ పూర్తిగా సరిచేయలేదు, చట్టమే సరిచేయాలి.

మహారాష్ట్రలోనూ పునాది ఇలాంటిదే. అక్కడి చట్టం ప్రకారం 15 మంది రైతు ప్రతినిధుల్లో 11 మందిని ప్రాథమిక వ్యవసాయ పరపతి సంఘాలు, బహుళార్థ సంఘాల పాలకవర్గాలు ఎన్నుకుంటాయి, 4గురిని గ్రామ పంచాయతీ సభ్యులు ఎన్నుకుంటారు. వ్యాపారులు, కమీషన్ ఏజెంట్లకు ఇద్దరు, హమాలీలు, కాటా వేసేవాళ్లకు ఒకరు. ఇక్కడ ఇంకో సమస్య తోడైంది. కింది సంఘాలకు, పంచాయతీలకు గడువు తీరి ఎన్నికలు జరగకపోతే ఓటర్లే ఉండరు. పాతవాళ్లను ఓటర్లుగా చూపాలా, కొత్తవాళ్లు ఎన్నికయ్యేదాకా ఆగాలా అన్నది మళ్లీ కోర్టు గుమ్మం ఎక్కే ప్రశ్నే.

2017లో ఆ రాష్ట్రం ఒక పెద్ద మార్పు చేసింది. కనీసం పది గుంటల భూమి ఉండి, గడిచిన ఐదేళ్లలో కనీసం మూడుసార్లు యార్డులో సరుకు అమ్మిన ప్రతి రైతుకూ నేరుగా ఓటు ఇచ్చింది. ఎన్నికల ఖర్చు మార్కెట్ కమిటీల నెత్తిన పడుతోందన్న కారణంతో 2020లో మరో ప్రభుత్వం దాన్ని వెనక్కి తీసుకుంది. ఖర్చు మాట నిజమే. ఓటరు అర్హతను మూడు అమ్మకం చీటీలకు ముడిపెట్టడం వల్ల వేల చీటీలను పరిశీలించాల్సిన పని పడుతుందన్నదీ నిజమే. కానీ ఆ చీటీ రైతు యార్డుకు వచ్చాడనడానికి సాక్ష్యం. సొసైటీ పాలకవర్గంలో సభ్యత్వం దానికి సాక్ష్యం కాదు. ఓటర్లు లక్షల్లో ఉంటే జాబితాలో పదీ ఇరవై పేర్లు అటూఇటూ చేసి గెలవడం కుదరదు, తగవులు వాటంతటవే పలచబడతాయి. కర్ణాటకలో రైతులు తమ ప్రతినిధులను నేరుగా ఎన్నుకునే పద్ధతి చాలాకాలంగా ఉంది.

పద్నాలుగు రోజులు, ఏడు రోజులు

గుజరాత్ 1965 నిబంధనల్లో జాబితా తయారీకి ఒక వరుస ఉంది. ప్రతి రుణ సంఘమూ తన పాలకవర్గ సభ్యుల పేర్లు, నివాసాలు రాసి, నిర్ణయించిన తేదీలోగా అధీకృత అధికారికి పంపాలి. ఆయన జాబితా తయారుచేసి మార్కెట్ కమిటీ ఆఫీసులో, ప్రధాన యార్డులో అందరికీ కనిపించే చోట అంటిస్తారు. పేరు లేనివాళ్లు 14 రోజుల్లో దరఖాస్తు పెట్టుకోవాలి. వాటిని తేల్చి సవరించిన జాబితా మళ్లీ అంటిస్తారు. కొత్తగా ఎక్కిన పేర్ల మీద అభ్యంతరాలుంటే 7 రోజుల్లో చెప్పాలి. ఆ తర్వాత తుది జాబితా, నామినేషన్లు, పోలింగ్.

ఈ దశలో జరిగే విచారణే మొత్తం వ్యవహారానికి ఆయువుపట్టు. ఆచరణలో దానికి దక్కే శ్రద్ధ మాత్రం తక్కువ. సంఘం తరఫున వచ్చిన కార్యదర్శి చేతిలో తీర్మానం కాపీ, రుణ ఖాతా నకలు, ఆడిట్ నివేదిక ఉంటాయి. ఎదుటి పక్షం దగ్గర ఇవన్నీ నిన్నమొన్న పుట్టించినవి అన్న వాదన ఉంటుంది. రుణం నిజంగా సభ్యుడి చేతికి వెళ్లిందా, ఏ పంటకు వెళ్లింది, తిరిగి వచ్చిందా అని ఖాతా తిప్పి చూసి, చూసింది చూసినట్టు రాసి, కారణంతో నిర్ణయం చెప్పాలి. ‘రికార్డులు పరిశీలించడమైనది, అభ్యంతరం తిరస్కరించడమైనది’ అన్న ధోరణిలో రెండు వాక్యాలతో ముగించిన ఉత్తర్వు ఎవరి చేతిలో పెట్టినా అనుమానమే పెంచుతుంది. ఎన్నికయ్యాక పిటిషన్ విచారించే అధికారికి కూడా అందులో పట్టుకోవడానికి ఏమీ దొరకదు.

తుది జాబితా మీద అసంతృప్తి ఉంటే తర్వాతి దారి రూల్ 28. ఫలితం ప్రకటించిన 7 రోజుల్లోగా ఎన్నిక చెల్లుబాటును ప్రశ్నిస్తూ వ్యవసాయ మార్కెటింగ్ డైరెక్టర్‌కు దరఖాస్తు చేసుకోవచ్చు. డైరెక్టరే స్వయంగా ఎన్నికల అధికారిగా వ్యవహరించి ఉంటే రాష్ట్ర ప్రభుత్వానికి పెట్టుకోవాలి. విచారించిన అధికారి ఫలితాన్ని ఖాయం చేయవచ్చు, సవరించవచ్చు, ఎన్నికనే రద్దు చేయవచ్చు.

ఇక్కడ ఒక చిన్న మాట దగ్గర పెద్ద చిక్కు పడింది. ఆ దరఖాస్తు పెట్టే హక్కు ఆ ఎన్నికలో ‘ఎన్నిక కావడానికి గానీ ఓటు వేయడానికి గానీ అర్హత ఉన్న’ వ్యక్తికి ఉంది. మరి జాబితా నుంచి పేరు కొట్టేసినవాడు అర్హుడా, కాడా? జాబితాలో పేరుంటేనే అర్హత అనుకుంటే అతను దరఖాస్తు పెట్టలేడు. తనకు జరిగిన అన్యాయమే తన నోరు నొక్కినట్టవుతుంది. చట్టం చెప్పిన లక్షణాలుంటే అర్హుడే, జాబితా కేవలం దాన్ని నమోదు చేసే కాగితం అనుకుంటే దరఖాస్తు నిలుస్తుంది.

దహేడా గ్రూప్ సేవా సహకారి మండలి కేసులో గుజరాత్ హైకోర్టు ఫుల్ బెంచ్ రెండో అర్థాన్ని ఖాయం చేసింది. 2006 నాటి తీర్పుల సంపుటాల్లో అచ్చయిన ఈ తీర్పు ఆ రాష్ట్రంలో ఇప్పటికీ ఈ తరహా కేసులన్నిటికీ మొదటి మెట్టు. అది చెప్పింది మూడు సంగతులు. జాబితాలో పేరు లేనివాళ్లు కూడా రూల్ 28 కింద ఎన్నికను ప్రశ్నించవచ్చు. ఎన్నికను రద్దు చేసే అధికారం దాకా ఉంది కాబట్టి ఆ మార్గం సమర్థమైనదే. ఇక రాజ్యాంగం 226వ అధికరణం కింద నేరుగా హైకోర్టులో రిట్ పిటిషన్ వేయకూడదని ఎక్కడా లేదు, కానీ ఆ అధికారాన్ని అసాధారణ పరిస్థితుల్లోనే వాడాలి. అంటే ఉత్తర్వు చట్టానికి పూర్తిగా విరుద్ధమైనప్పుడు, మొదటికే చెల్లనప్పుడు, ఇచ్చిన అధికారికి ఆ అధికార పరిధే లేదని చూడగానే తెలిసినప్పుడు. జాబితాలో ఒక పేరు చేర్చడం, ఒక పేరు తీసేయడం ఆ కోవలోకి రావు.

ఈ తీర్పులో మొదటి భాగాన్ని మరిచిపోయి చివరి భాగాన్ని మాత్రమే పట్టుకోవడం తరచూ కనిపిస్తుంది. హైకోర్టు తలుపు వేసిందన్న మాట మిగిలిపోతుంది. కానీ ఫుల్ బెంచ్ ఒక తలుపు దగ్గరగా వేస్తూ, రెండోది బార్లా తెరిచింది. అసెంబ్లీ, పార్లమెంటు ఎన్నికల్లో ఇలా కుదరదు. అక్కడ తుది జాబితాలోని ఒక పేరు సరైందా కాదా అన్నది ఎన్నికల పిటిషన్‌లో తిరగదోడటానికి సాధారణంగా వీల్లేదు, జాబితా ఆ మేరకు అంతిమం. మార్కెట్ కమిటీ ఎన్నికలో జాబితా తప్పును ఫలితం తర్వాత కూడా లేవనెత్తవచ్చు. ముందు ఆపడం కష్టం, తర్వాత అడగడం సులువు అన్నమాట.

రాజ్యాంగం అడ్డు లేదు, మరి కోర్టులు ఎందుకు ఆగుతాయి?

ఎన్నికల మధ్యలో కోర్టులు జోక్యం చేసుకోవన్న సూత్రానికి మూలం 1952 నాటి ఎన్.పి. పొన్నుస్వామి కేసు. మొదటి సాధారణ ఎన్నికలప్పుడు అప్పటి మద్రాసు రాష్ట్రంలోని నామక్కల్‌లో నామినేషన్ తిరస్కరిస్తే అభ్యర్థి హైకోర్టుకు, అక్కడి నుంచి సుప్రీంకోర్టుకు వెళ్లారు. ఎన్నిక అంటే పోలింగ్ ఒక్కటే కాదని, నోటిఫికేషన్ నుంచి ఫలితం దాకా నడిచే మొత్తం ప్రక్రియ అని, మధ్యలో ఏ మెట్టు మీదా దాన్ని ఆపకూడదని, అభ్యంతరాలన్నీ చివర్లో ఎన్నికల పిటిషన్‌లోనే చెప్పుకోవాలని సుప్రీంకోర్టు తేల్చింది. దానికి ఆధారం ఎన్నికను పిటిషన్ ద్వారా తప్ప కోర్టులో ప్రశ్నించకూడదన్న రాజ్యాంగం 329వ అధికరణంలోని నిషేధం. పంచాయతీలకు 243-ఓ, మున్సిపాలిటీలకు 243-జడ్‌జి అధికరణాల్లో ఇలాంటి నిషేధాలే ఉన్నాయి.

మార్కెట్ కమిటీకి వీటిలో ఏదీ వర్తించదు. అది రాష్ట్ర చట్టం పుట్టించిన సంస్థ. దాని ఎన్నికల వివాదంలో హైకోర్టు చేతులు కట్టేసే అధికరణం రాజ్యాంగంలో ఎక్కడా లేదు. కోర్టులు ఇక్కడ ఆగుతున్నాయంటే అది తమకు తాము పెట్టుకున్న సంయమనం. ఈ తేడా పట్టించుకోదగ్గది. నిషేధానికి మినహాయింపు వెతకాలి, సంయమనానికి కారణం చూపిస్తే చాలు. లాయర్లు కూడా కొన్నిసార్లు రెండింటినీ కలిపేసి, 329వ అధికరణం కేసులను మార్కెట్ కమిటీ వ్యాజ్యంలో ఉన్నదున్నట్టు చదివేస్తుంటారు.

సంయమనానికి కారణాలు బలమైనవే. 1987లో గుజరాత్ యూనివర్సిటీ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన సారాంశం ఇది: ఓటు వేసే హక్కు, పోటీ చేసే హక్కు, ఎన్నికను ప్రశ్నించే హక్కు ఇవన్నీ చట్టం ఇచ్చినవి. చట్టం హక్కుతో పాటు దారి కూడా చూపినప్పుడు ఆ దారినే పోవాలి, అసాధారణ పరిస్థితులుంటే తప్ప. 2001లో మహారాష్ట్ర సహకార సంఘాల చట్టం కింద వచ్చిన సంత్ సద్గురు జనార్దన స్వామి పాల సంఘం కేసులో ఇంకొంచెం ముందుకు వెళ్లి, ఓటర్ల జాబితా తయారీ కూడా ఎన్నిక ప్రక్రియలో ఒక మధ్య దశేనని, ప్రక్రియ మొదలయ్యాక జాబితాలో తప్పులున్నా హైకోర్టు ఎన్నికను ఆపకూడదని చెప్పింది. అది ఆ చట్టం, ఆ నిబంధనల చట్రంలో చెప్పిన మాట. అయినా మార్కెట్ కమిటీ కేసుల్లో ప్రభుత్వ న్యాయవాది మొదట తీసే పుస్తకం అదే.

ఆచరణలో కనిపించే కారణం కూడా ఒకటుంది. స్టే వస్తే లాభం ఎవరికి? చాలాసార్లు కుర్చీలో ఉన్నవాళ్లకు. గడువు తీరిన పాలకవర్గం కొనసాగడానికో, ప్రభుత్వం తనకు నచ్చిన అధికారిని కూర్చోబెట్టడానికో అది సాకు అవుతుంది. జాబితా మీద ఒక్క రిట్ వేసి ఎన్నికను ఏళ్లపాటు వాయిదా వేయించగలిగితే, ఓడిపోతామన్న టెన్షన్ ఉన్న ప్రతి వర్గమూ ఆ పనే చేస్తుంది. కోర్టుల జంకు అర్థం చేసుకోదగ్గదే.

అలాగని ప్రతి తప్పునూ తర్వాత చూద్దాం అనలేం. సుప్రీంకోర్టే గీసిన గీతలు రెండున్నాయి. 1957లో అజ్మీర్ మున్సిపాలిటీ ఎన్నికల కేసు మొదటిది. ఓటర్ల జాబితా తయారుచేసి జనం ముందు పెట్టి, అభ్యంతరాలు విని, తేల్చి, సవరించే సరైన ఏర్పాటే నిబంధనల్లో లేకపోవడంతో ఆ జాబితాతో ఎన్నిక చెల్లదని కోర్టు చెప్పింది. పేరు ఎక్కించుకునే అవకాశమే లేని జాబితా జాబితా కాదని దాని భావం. రెండోది 1980 నాటి ఢిల్లీ బార్ కౌన్సిల్ కేసు. చట్టానికి విరుద్ధమైన ఒక నిబంధన ఆధారంగా లాయర్లలో కొందరిని జాబితా నుంచి తప్పించారు. తప్పు ఒక పేరులో లేదు, జాబితా మొత్తాన్ని పుట్టించిన నిబంధనలోనే ఉంది. అలాంటప్పుడు ఎన్నికల పిటిషన్ చాలదు, రిట్ నిలుస్తుంది అన్నారు. ఎన్నికే రద్దయింది.

ఈ తీర్పులన్నీ పక్కపక్కన పెట్టి చూస్తే మార్కెట్ కమిటీ వివాదాలకు ఒక కొలత దొరుకుతుంది. ఫలానా సంఘం రుణం ఇచ్చిందా లేదా అన్నది సాక్ష్యంతో తేలాల్సిన విషయం, అది రూల్ 28 పిటిషన్‌లోకి వెళ్లాలి. కానీ రుణ సంఘాలన్నిటికీ చట్టంలో లేని ఒక షరతు పెట్టి, దాని పేరుతో ఇరవై సంఘాలను కట్టగట్టి తీసేస్తే అది అధికార పరిధి ప్రశ్న, హైకోర్టు అప్పుడే చూడవచ్చు. పేరు లేనివాళ్ల దరఖాస్తులకు 14 రోజులు ఇవ్వాల్సినచోట ఐదు రోజులకే తలుపు వేసేస్తే, నోటీసు ఇవ్వకుండా ఒక సంఘం పేరు మొత్తంగా కొట్టేస్తే, అప్పటికి నామినేషన్లు మొదలుకాకపోతే, కోర్టు జోక్యం ఎన్నికను అడ్డుకోదు, దారిలో పెడుతుంది. 2000లో అశోక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన వెసులుబాటు ఇదే. ఎన్నికను ఆపడానికో, సాగదీయడానికో జోక్యం కూడదు. సజావుగా ముగియడానికి తోడ్పడే జోక్యానికి అడ్డులేదు. నిజానికి అది పార్లమెంటు ఎన్నికల గురించి చెప్పింది. రాజ్యాంగ నిషేధం ఉన్నచోటే అంత వీలుంటే, నిషేధం లేని మార్కెట్ కమిటీ విషయంలో హైకోర్టులు ఇంకాస్త చొరవ చూపవచ్చు.

అలా హైకోర్టుకు వచ్చేవాళ్లు రెండు జాగ్రత్తలు మరవకూడదు. తుది జాబితా వచ్చిన వారంలో వేసిన రిట్‌కూ, పోలింగ్‌కు రెండు రోజుల ముందు వేసిన రిట్‌కూ కోర్టు చూపు ఒకేలా ఉండదు. అలాగే ఎవరి పేర్లు తీసేయమని అడుగుతున్నారో ఆ సంఘాలను ప్రతివాదులుగా చేర్చకుండా వేసిన పిటిషన్ అక్కడే పడిపోతుంది. వాళ్ల ఓటు వాళ్లను వినకుండా ఎవరూ తీసేయలేరు.

విడిగా పెట్టిన ఆ పెట్టె

కోర్టులు కొన్నిసార్లు మధ్యేమార్గం పట్టుకుంటాయి. ఎన్నిక ఆపం, వివాదంలో ఉన్నవాళ్లను ఓటేయనివ్వండి, కానీ ఆ ఓట్లు వేరే పెట్టెలో వేయించి సీలు వేసి ఉంచండి అంటాయి. లేదా ఫలితం ఈ పిటిషన్ తీర్పుకు లోబడి ఉంటుందని ఒక వాక్యం చేరుస్తాయి. వేరే పెట్టె పద్ధతిలో పెద్ద సుగుణం ఉంది. గెలిచినవాడికి 50 ఓట్ల ఆధిక్యం ఉండి, పెట్టెలో 22 ఓట్లే ఉంటే దాన్ని తెరవాల్సిన పనే లేదు, తగవు అక్కడితో చల్లారుతుంది. ఆధిక్యం 9 ఓట్లయితే ఆ 22 ఓట్ల అర్హత ఒక్కటే తేల్చాలి, మొత్తం ఎన్నికను కదపక్కర్లేదు.

కానీ ఇందులో ఒక నొప్పి ఉంది, దాన్ని ఎవరూ పెద్దగా పట్టించుకోరు. ఆ పెట్టెలో ఉన్నవి రెండు సొసైటీల సభ్యుల ఓట్లే. తెరిచి లెక్కపెట్టగానే 22లో 21 ఒక వర్గానికే పడ్డాయని తెలిసిందంటే ఆ రెండు సొసైటీలు ఎటు నిలబడ్డాయో ఊరంతటికీ తెలిసిపోయినట్టే. రహస్య ఓటు రహస్యంగా మిగలదు. రేపు ఆ సొసైటీకి గోడౌన్ కావాలన్నా, యార్డులో స్థలం కావాలన్నా అడగాల్సింది గెలిచిన ఆ మనుషులనే. తెరవాల్సి వస్తే ఆ ఓట్లను మిగతా ఓట్లలో కలిపేసి మళ్లీ మొత్తంగా లెక్కించమని ఉత్తర్వులో ముందే రాయాలి. ఒక్క వాక్యం చేర్చితే సరిపోయే పని అది.

ఇక రూల్ 28 దారి సమర్థమైనదన్న మాట కాగితం మీద ఎంత నిజమో, దాని విలువ సమయం మీద అంత ఆధారపడి ఉంది. దరఖాస్తు పెట్టేవాళ్లకు 7 రోజుల గడువు పెట్టారు. విచారణలో ఆలస్యం జరిగేకొద్దీ పదవీకాలం కరిగిపోతుంది. ఎన్నిక చెల్లదని మూడో ఏట తేలినా, ఆ మధ్య కాలంలో కమిటీ చేసిన పనులు అంత తేలిగ్గా చెరిగిపోవు. 1981లో ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన గోకరాజు రంగరాజు కేసులో జస్టిస్ ఓ. చిన్నపరెడ్డి రాసిన తీర్పు దీనికి మూలసూత్రం. అందులో సెషన్స్ జడ్జీల నియామకమే చెల్లదని తేలినా, పదవిలో ఉండగా వాళ్లు ఇచ్చిన తీర్పులు చెల్లుతాయని చెప్పారు. కుర్చీలో కూర్చుని బహిరంగంగా అధికారం నడిపినవాళ్ల పనులను నమ్ముకున్న జనం నష్టపోకూడదన్నది దాని వెనకున్న ఆలోచన. అదే సూత్రం మార్కెట్ కమిటీకి వర్తిస్తే, ఈలోగా ఇచ్చిన లైసెన్సులు, కేటాయించిన దుకాణాలు నిలిచే అవకాశమే ఎక్కువ. పైగా వ్యాపారుల లైసెన్సులంటే తర్వాతి ఎన్నిక ఓటర్లు కూడా.

అందుకే హైకోర్టు రిట్‌ను తిరస్కరించి రూల్ 28 వైపు పంపేటప్పుడు, ఎన్నికల పిటిషన్ వేస్తే ఇన్ని నెలల్లో తేల్చాలని అదే ఉత్తర్వులో గడువు పెట్టడం న్యాయం. అలా పెట్టే అధికారం దానికి ఉంది. ఇంకో మాట కూడా చెప్పుకోవాలి. రూల్ 28 కింద తీర్పు చెప్పే డైరెక్టర్ ప్రభుత్వ అధికారి. ఎన్నిక నడిపిన అధికారిని నియమించిందీ ఆయన శాఖే. ఆయన ఎంత నిజాయితీపరుడైనా, అధికార పార్టీ బలపరిచిన వర్గం గెలిచిన ఎన్నికను రద్దు చేయమని ఆయన్ను అడగడం ఆయనకూ కష్టమే, అడిగేవాడికీ నమ్మకం కలగదు. ఈ పని జిల్లా జడ్జికి అప్పగిస్తే హైకోర్టు సంయమనానికి ఇప్పుడున్నదానికంటే గట్టి ఆధారం దొరుకుతుంది.

తెలుగు రాష్ట్రాల్లో జాబితాయే లేదు

గుంటూరు మిర్చి యార్డు, వరంగల్ ఏనుమాముల, నిజామాబాద్ పసుపు మార్కెట్, మదనపల్లె టమాటా మార్కెట్. వీటిలో దేనికీ రైతు ఓటేసి పాలకవర్గాన్ని ఎన్నుకోడు. 1966 నాటి మార్కెట్ల చట్టం కింద రెండు రాష్ట్రాల్లోనూ కమిటీలను ప్రభుత్వమే నామినేట్ చేస్తుంది. చైర్మన్ పేరు జీవోలో వస్తుంది, ప్రభుత్వం మారితే జీవోలోనే పోతుంది. కాబట్టి ఇక్కడ కోర్టుకెక్కే వివాదాలు ఓటర్ల జాబితా మీద కాకుండా, గడువు తీరకముందే ఎందుకు తీసేశారన్న దాని మీద వస్తాయి. చైర్మన్ పదవుల్లో రిజర్వేషన్లు తెచ్చారు, మంచిదే. రిజర్వేషన్ ఎవరికన్నది మారింది, ఎంపిక ఎవరిదన్నది మారలేదు. గుజరాత్ జాబితా వివాదాలు చూసి మన పద్ధతే నయమనుకోవడానికి లేదు. అక్కడ ఓటు గురించి తగవు పడటానికైనా ఓటు ఉంది.

జాబితా తగవులు మనకు కొత్తవి మాత్రం కావు. ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘాల ఎన్నికల్లో ఎవరు సభ్యుడు, ఎప్పుడు చేరాడు, చనిపోయినవాళ్ల పేర్లు ఎందుకున్నాయి అన్న గొడవలు ఊరూరా తెలిసినవే. తెలంగాణలో ఈ ఎన్నికలు 2020 ఫిబ్రవరిలో జరిగాయి. సహకార సంఘాల ఎన్నికల వివాదాలను 1964 చట్టం ట్రిబ్యునల్‌కు అప్పగించింది కాబట్టి హైకోర్టు ముందు మొదటి ప్రశ్న ఇక్కడా అదే: ట్రిబ్యునల్‌కు ఎందుకు వెళ్లలేదు?

2021లో ఆంధ్రప్రదేశ్ పంచాయతీ ఎన్నికలప్పుడు జాబితా గొడవ ఇంకా పెద్దది. కొత్త జాబితా సిద్ధం కాలేదన్న కారణంతో ఎన్నికల కమిషన్ 2019 జాబితాతోనే నోటిఫికేషన్ ఇచ్చింది. ఈలోగా 18 ఏళ్లు నిండిన దాదాపు 3.6 లక్షల మంది ఓటుకు దూరమవుతారని కమిషనర్ నిమ్మగడ్డ రమేశ్ కుమార్ స్వయంగా చెప్పారు. విషయం హైకోర్టుకు వెళ్లింది. ఎన్నికలు ఫిబ్రవరిలో పాత జాబితాతోనే జరిగాయి. రాజ్యాంగ నిషేధం ఉన్న ఎన్నిక కాబట్టి అక్కడ ఇంకో దారి దాదాపు లేదు.

మార్కెట్ కమిటీలకు ఎన్నికలు పెట్టాలన్న ఆలోచన తెలుగు రాష్ట్రాల్లో ఎప్పుడు వచ్చినా మొదట రాసుకోవాల్సింది ఓటరు ఎవరన్న నిర్వచనమే. సొసైటీ పాలకవర్గాలకు ఓటు ఇస్తే గుజరాత్ వ్యాజ్యాలన్నీ ఇక్కడికి వస్తాయి. సరుకు అమ్మిన రైతుకు ఓటు ఇస్తే అందుకు కావాల్సిన రికార్డు చాలావరకు ఇప్పటికే ఉంది. గేటు దగ్గర రాసే ఎంట్రీ, కాటా చీటీ, సరుకు అమ్మాక రైతుకిచ్చే తక్‌పట్టీ, ఆన్‌లైన్ మార్కెట్ ఈ-నామ్‌లో నమోదు. ఓటు అడిగే రైతు చేతిలో తన పేరుతో ఉన్న తక్‌పట్టీ ఉంటే, అభ్యంతరం చెప్పేవాడు దాన్ని తప్పని నిరూపించాల్సి వస్తుంది. ఇవాళ గుజరాత్‌లో, ఎవరో రాసుకున్న రుణ పద్దు నిజమైనదో కాదో యార్డు బయట నిలబడ్డ రైతుకు తెలిసే దారే లేదు.